పసుపు పూసిన పైపు

మా పాప అన్నప్రాశన నాడు నేను ఒక ఇంటిని రెండు ముక్కలు చేశాను. ఒక ముక్కలో నేనూ, మా అత్తయ్యా, పురోహితులు శాస్త్రిగారూ, గిన్నెడు పాయసమూ. రెండో ముక్కలో మా ఆయన మురళీ, మా మామయ్యా, పన్నెండు మంది చుట్టాలూ, అన్నిటికంటే ముఖ్యంగా, పాయసం నాకాల్సిన పాపా. మధ్యలో ఒక ఇనప తలుపు. తలుపుకు అడ్డంగా ఒక తెల్ల ప్లాస్టిక్ పైపు. ఆ పైపును కొన్నదీ, కోసిందీ, అతికించిందీ, మోసుకెళ్ళి సరిగ్గా అక్కడే నిలబెట్టిందీ నేనే. ఈ ఘనకార్యంలో ఇంకెవరికీ వాటా లేదు. మీరు నవ్వదలుచుకుంటే మొహమాటం లేకుండా నన్నొక్కదాన్నే చూసి నవ్వవచ్చు.

ముందు నా సంగతి చెప్పాలి. నేను గణితంలో ఎమ్మెస్సీ చేశాను. ఈ ముక్క ఇప్పుడే చెప్పేస్తున్నాను, కాసేపయ్యాక చెప్పడానికి మొహం చెల్లదు. పాప పుట్టిన రోజు నుంచీ భయపడటాన్ని పూర్తికాలపు ఉద్యోగంగా చేస్తున్నాను. సెలవుల్లేవు, ఆదివారాలు అదనపు డ్యూటీ. దోమతెర చూస్తే పాప మెడకు చుట్టుకుంటుందని భయం. దోమతెర తీస్తే దోమలని భయం. పక్కింటి కుక్కర్ ఈల ఉయ్యాలకు ఎంత దూరంలో మోగుతుందో అడుగులతో కొలిచాను. పాప తుమ్మితే నేను ఫోనులో వెతుకుతాను, నేను ఫోనులో వెతకడం చూస్తే మురళికి తుమ్ము వస్తుంది.

మాది పెరంబూరు. మా అత్తవారి వంశం నాలుగు తరాల కిందట ఇక్కడికి వచ్చి, ఇక్కడి నీళ్ళు తాగి, తెలుగులో సగం తమిళం కలుపుకుని స్థిరపడిపోయింది. మామయ్య రైలు పెట్టెల పనిలో ముప్పై ఐదేళ్ళు కొలతలు తీసి రిటైరయ్యారు. ఇల్లు చిన్నది. హాల్లో పన్నెండు మంది కూర్చుంటే పదమూడోవాళ్ళు ఫ్యాను కింద కాదు, ఫ్యాను మీద కూర్చోవాలి. అందుకే ఏడో నెలలో అన్నప్రాశన మిద్దె మీద చేద్దామని తేల్చారు. శుక్రవారం, తొమ్మిది నుంచి పదిన్నర లోపల ముహూర్తం. పదిన్నరకు రాహుకాలం వచ్చేస్తుంది. అది దాటితే ఇక ఆ పూటకు ఏమీ లేదు.

మా అత్తవారింట ఒక ఆచారం ఉంది. పాపకు మొట్టమొదటి రుచి చూపించేది తల్లి. బంగారు ఉంగరాన్ని పాయసంలో ముంచి నాలుక మీద అద్దాలి. ఆ తరవాతే తండ్రీ తాతలూ. ఈ ఆచారం గురించి అత్తయ్య చెప్పిన రోజు నుంచీ నేను ఆ క్షణం కోసమే బతుకుతున్నాను. ఏడు నెలలుగా పాప విషయంలో నేను చేసిన పనులన్నీ "వద్దు, ముట్టుకోవద్దు, పడిపోతుంది" అనేవే. మొదటిసారి ఒక తీపి పని నా చేతికొచ్చింది. ఆ ఒక్కటి నా చేత్తో, వేళకు జరగాలి. అంతే నా కోరిక.

మిద్దె మీద ఎండ కదా, నీడ కావాలి. గొడవ అక్కడే మొదలైంది.

"షామియానా వాడికి ఒక మాట చెప్తే సరి, గంటలో వేసేసి పోతాడు" అన్నారు మామయ్య.

"ఇనప గుంజలతోనా మామయ్యా?"

"కాకుంటే వెండి గుంజలు అడగమంటావా?"

ఇనుమంటే తుప్పు. తుప్పంటే నా ఒళ్ళు జలదరిస్తుంది. పైగా ఆ గుడ్డ ఎన్ని ఊళ్ళ ఫంక్షన్ల దుమ్ము మోసిందో, ఎన్ని సాంబార్ల ఆవిరి పీల్చిందో ఎవరికి తెలుసు. పాప నెత్తిన ఆ దుమ్ము రాలడం నాకు ఇష్టం లేదు. అప్పటికే ఫోనులో ఒక వీడియో చూసి ఉన్నాను. ఒకావిడ ప్లాస్టిక్ పైపులతో పెరట్లో పందిరి వేసింది. పది నిమిషాల వీడియో. ఆవిడ చీర కుచ్చిళ్ళు కూడా చెదరలేదు.

"నేనే కడతాను" అన్నాను.

మురళి పేపరు దించి నన్ను చూసి, మళ్ళీ పేపరు ఎత్తుకున్నాడు. పెళ్ళయిన నాలుగేళ్ళలో అతను నేర్చుకున్న యోగాసనం అదొక్కటే.

పురసవాక్కంలో ఒక హార్డ్‌వేర్ దుకాణానికి వెళ్ళాను. కౌంటరులో ఉన్నతను మంచివాడే, కానీ వృత్తిధర్మం గట్టిగా పాటించేవాడు.

"అక్కా, బాత్రూముకా, వంటింటికా?"

"రెండిటికీ కాదు. పందిరికి."

"పందిట్లో బాత్రూమా?"

"కాదు. పైపులే పందిరి."

అతను పెన్ను చెవి మీంచి తీశాడు. "సరి. నీళ్ళు యాడ ఎక్కి యాడ దిగతాయి?"

"నీళ్ళు ఉండవు."

"నీళ్ళు లేని పైపా?" అని అతను లోపలికి తిరిగి, అక్కడ లెక్క చూసుకుంటున్న పెద్దాయనతో, "అన్నా, ఈ అక్కకు నీళ్ళు లేని పైపు కావాలంట" అన్నాడు. పెద్దాయన కళ్ళజోడు మీదుగా నన్ను చూసి, "పెరంబూరా?" అని అడిగాడు. మా ఏరియాలో నీళ్ళు రావని జాలిపడ్డాడో, మా ఏరియావాళ్ళు ఇలాగే ఉంటారని అనుకున్నాడో ఇప్పటికీ తెలియదు.

ఎలాగైతేనేం, పైపులు, మలుపులకు ఎల్బోలు, మూడు దారులకు టీలు, అతికించే గమ్ము, రంపం బ్లేడు, పైన కప్పడానికి ఆకుపచ్చ నెట్ తెచ్చాను. సాయంత్రం నాలుగింటికి పాప పడుకుంటుంది. నాలుగు నుంచి ఐదు దాకా మిద్దె మీద నా కర్మాగారం నడిచేది. గమ్ము వాసన కిందికి దిగి పాప ఊపిరితిత్తుల్లోకి పోతుందేమోనని తలుపు మూసుకుని, మూతికి గుడ్డ కట్టుకుని పని చేసేదాన్ని. మొదటి రోజు నాలుగు కాళ్ళలో మూడు ఒక ఎత్తు, ఒకటి ఇంకో ఎత్తు వచ్చాయి. రెండో రోజు దాన్ని సరిచేయబోతే మిగతా మూడూ పొట్టివైపోయాయి. మూడో రోజు అది నిలబడింది. అప్పుడే పుట్టిన దూడలా వణుకుతూ, నాలుగు కాళ్ళూ నాలుగు ఆలోచనలతో, నిలబడింది మాత్రం నిజం.

మురళి పైకి వచ్చి చుట్టూ తిరిగి చూశాడు.

"ఏమండీ, ఎలా ఉంది?"

"ఇది గాలికి యాడికైనా పోతే అడ్రసు రాసిపెట్టినావా?"

"ఎగరదు. నాలుగు కాళ్ళూ నాలుగు పెయింటు బకెట్లలో పెట్టి ఇసుక పోస్తాను. పోసేది మాత్రం ఆ రోజు పొద్దునే. అప్పటిదాకా తేలిగ్గా ఉంటే ఎటు కావాలంటే అటు జరుపుకోవచ్చు."

ఈ ముందుచూపుకు నన్ను నేను మెచ్చుకున్నాను. పందిరి నీడ ఎక్కడ పడుతుందో చూసి, సరిగ్గా ఆ చోట పీట వేయాలని సుద్దముక్కతో నేల మీద చతురస్రం కూడా గీశాను. పొడవూ వెడల్పూ వేళ్ళతో కాదు, టేపుతో కొలిచాను. నీడ కొలిచిన వేళ సాయంత్రం నాలుగున్నర. అన్నప్రాశన పొద్దున తొమ్మిదికి. గణితంలో ఎమ్మెస్సీ అని చెప్పాను కదా. ఆ మాటను ఇక్కడ మీరు తీరిగ్గా వాడుకోవచ్చు.

గురువారం నాడు అత్తయ్య పైకి వచ్చి పందిరిని పైనుంచి కిందికి చూసింది.

"బాగనే ఉంది. రాట ఏదీ?"

"రాట పెళ్ళికి కదా అత్తయ్యా?"

"పందిరంటే పందిరే. పెళ్ళికేసిందా పేరంటానికేసిందా దానికేమన్నా తెలస్తాదా? ఇంటి మీద పందిరేస్తే ఒక కాలికి పూజ చేయాల."

"ఇది ప్లాస్టిక్ అత్తయ్యా."

"ప్లాస్టిక్ అయితే? ఈ కాలంలో దేవుడి పూలదండ ప్లాస్టిక్కే, దీపం బల్బే. రాట మాత్రం ఏం పాపం జేసింది?"

తెలియనివాళ్ళకు చెప్తాను. పందిరి గుంజల్లో ఒకదానికి పసుపు పూసి, కుంకుమ పెట్టి, మామిడాకులు కట్టి, నవధాన్యాలు మూటగట్టిన పసుపు గుడ్డ చుట్టి, మంత్రం చెప్పి నిలబెడతారు. అదే రాట. ఒకసారి నిలిపాక శుభకార్యం ముగిసి, ఉద్వాసన చెప్పేదాకా దాన్ని కదపకూడదు. కదిపితే కార్యానికి అరిష్టమంటారు. నాకు అభ్యంతరం లేదు. ఇసుక పోసిన బకెట్టు ఎలాగూ కదలదు.

శుక్రవారం పొద్దున ఎనిమిదింటికి నేనూ అత్తయ్యా శాస్త్రిగారూ మిద్దె మీదికి చేరాం. పాపకు పట్టు లంగా తొడగడం మురళి పని. వచ్చినవాళ్ళను కూర్చోబెట్టడం మామయ్య పని. శాస్త్రిగారు దీపం వెలిగించారు. మెట్ల వైపు నుంచి గాలి వచ్చి ఆర్పింది. మళ్ళీ వెలిగించారు. మళ్ళీ ఆరింది.

"ఆ తలుపు ముయ్యమ్మా" అంది అత్తయ్య.

మూశాను. తలుపులు మూయడంలో నాకు ఏడు నెలల అనుభవం. ఇంట్లో నేను మూయని తలుపు లేదు. ఈ తలుపు మిద్దె వైపుకు తెరుచుకుంటుందన్న సంగతి నాకు తెలుసు. రోజుకు రెండుసార్లు తీసే తలుపు. తెలియడం వేరు, గుర్తుకు రావడం వేరు.

అప్పుడు పక్క మిద్దె మీది నుంచి సెల్వి అక్క పిలిచింది. మా రెండిళ్ళ మధ్య నాలుగడుగుల సందు ఉంది. ముప్పై ఏళ్ళుగా మా అత్తయ్యతో మాట్లాడి మాట్లాడి ఆవిడకు తెలుగు వచ్చేసింది.

"ఏం హేమా, నా వడగానికి గొడుగు పట్టినావా? అది ఎండాల తల్లీ. నిద్రపోయేదానికి పెట్టలేదు."

చూస్తే నిజమే. మా పందిరి నీడ సందు దాటి, ఆవిడ పాత చీర మీద వరసగా పిండి వడియాలు పెట్టిన చోట, కొలిచి పరిచినట్టు పడి ఉంది. నేను గీసిన చతురస్రంలో పీట, పీట మీద ఎండ, నిప్పుల్లాంటి ఎండ.

"సూర్యుడు ఇటు వైపున్నాడే" అన్నాను.

"పొద్దుపూట ఆయన ఆడనే ఉంటాడమ్మా" అన్నారు శాస్త్రిగారు, ఎంతో మర్యాదగా.

పందిరిని రెండు చేతులతో ఎత్తి సూర్యుడి వైపు జరిపాను. ప్లాస్టిక్ గొప్పతనం అదే చూడండి, ఒక్క మనిషి ఎత్తేయవచ్చు. ఇనప గుంజలైతే నా వల్ల అయ్యేది కాదు, ఈ కథా ఉండేది కాదు. సెల్వి అక్క అటు నుంచి ఆర్డర్లు వేసింది. "ఇంకొంచెం. ఇంకొంచెం. ఆ మూల వరస మీద ఇంకా ఉంది. ఆమా, ఇప్పుడు సరి." పీట మీద నీడ పడింది. వడియాల మీద ఎండ పడింది. అందరూ సుఖంగా ఉన్నారు. నాలుగు బకెట్లలోనూ ఇసుక నింపేశాను, నీళ్ళు కూడా చల్లి కాలితో తొక్కాను.

"రాటకు ఈశాన్యం కాలు శ్రేష్ఠం" అన్నారు శాస్త్రిగారు.

ఈశాన్యం కాలు తలుపు ముందుంది. జానెడు దూరంలో. మేం ముగ్గురం దాని చుట్టూనే నిలబడ్డాం. మాలో ఒకరి వీపు తలుపుకు తగులుతూనే ఉంది. ఎవరికీ ఏమీ తట్టలేదు.

అత్తయ్య పసుపు పూసింది. ప్లాస్టిక్ మీద పసుపు నిలవలేదు, జారిపోయింది. మళ్ళీ పూసింది, మళ్ళీ జారింది. మూడోసారి పసుపులో కాస్త బియ్యప్పిండి కలిపి దట్టించింది. పైపు మీద కంపెనీవాళ్ళు అచ్చేసిన అక్షరాలు, అంకెలు ఉన్నాయి. వాటి కింద వరసగా మూడు కుంకుమ బొట్లు పడ్డాయి. శాస్త్రిగారు ఏ లోటూ లేకుండా మంత్రాలన్నీ చెప్పారు. హారతి వెలుగులో ఆ పైపు ఎంత ముద్దొచ్చిందంటే, ఫోటో తీసుకున్నాను.

తొమ్మిది ఇరవైకి తలుపు చప్పుడైంది.

"హేమా, పాపను తెచ్చినా. తలుపు తియ్యి."

"గడియ వెయ్యలేదండీ, తోయండి."

"తోస్తానే ఉండా. రాలే."

తలుపు బెత్తెడు తెరుచుకుని, ఇసుక బకెట్టుకు తగిలి, ఠంగుమంది. ఆ సందులోంచి మురళి ముక్కూ ఒక కన్నూ కనిపించాయి. కింద పాప ఎర్ర పట్టు లంగా కొంచెం కనిపించింది. ఇటు మేం ముగ్గురం ఒకేసారి పైపును చూశాం. పైపు పసుపు, కుంకుమలతో ప్రశాంతంగా నిలబడి ఉంది.

మెట్ల మీది నుంచి మామయ్య గొంతు వినిపించింది. "ఏందిరా అడ్డం?"

"పందిరి కాలు నాయనా."

"ఇసక బకెట్టే గదా. ఇట్ట పక్కకు లాగితే పాయె. రెండు నిమిషాల పని."

"లాగితేనా?" అంది అత్తయ్య. "ఇప్పుడే రాట నిలిపినాం. అచ్చతలు గూడా పడినాయి. కార్యం గాకముందే లాగేస్తే పాపకు మంచిదా?"

పాపకు మంచిదా. అత్తయ్య ఆ మాట అనకుండా ఉంటే లాగేసేదాన్నే, అప్పటికే వంగి బకెట్టు చెవి పట్టుకుని ఉన్నాను. ఆ మాట విన్నాక నా చేయి దానంతటదే వెనక్కి వచ్చేసింది. చదువుకున్నదాన్నే. పైపుకు మహిమ ఉందని నేను నమ్మను. కానీ లేదని మాత్రం ఎలా నమ్మేది? రేపు పాపకు జలుబు చేస్తే?

సలహాలు మొదలయ్యాయి.

"పాపను సందులోంచి ఇటు ఇచ్చేయమనండి" అంది అత్తయ్య.

"తల పట్టదు" అన్నాను. పాప తల చుట్టుకొలత నాకు నోటికి వచ్చు. నెలనెలా కొలుస్తాను.

"నా కాడ చెక్క పలక ఉంది. రెండు మిద్దెల మధ్య వేస్తా. మురళి పాపను ఎత్తుకుని నా ఇంటి నుంచి దాటి వస్తాడు" అంది సెల్వి అక్క.

ఆ దృశ్యం ఊహించుకోగానే నాకు కళ్ళు తిరిగాయి. నాలుగడుగుల సందు, కింద రెండంతస్తులు, మధ్యలో కుర్చీ కూడా సరిగ్గా ఎక్కలేని మురళి. "వద్దక్కా" అన్నాను.

"రంపం బ్లేడు ఈడనే ఉంది. కాలు కోసి పారేద్దునా?" అని మామయ్య అడిగారు.

"రాటను కోస్తాడంట" అంది అత్తయ్య శాస్త్రిగారితో, భర్త మీద చాడీ చెప్తున్నట్టు. తరవాత తలుపు వైపు తిరిగి, "మీరు కింద కూర్చోండి, చాలు" అంది మామయ్యతో.

"సరి, కొలతన్నా చెప్పండి. తలుపు తెరిచి కొలిచిందా, మూసి కొలిచిందా ఆ పిల్ల?"

"టేపుతోనే కొలిచాను మామయ్యా" అన్నాను. ముప్పై ఐదేళ్ళ అనుభవం ఉన్న మనిషికి ఆ జవాబు చాలు. ఆయన మెట్లు దిగుతూ ఎవరికో "మూసి కొలిచిందంట" అని చెప్పడం, ఆ ముక్క ఒక్కో మెట్టూ దిగుతూ పన్నెండు మంది నోళ్ళలో మోగడం నాకు స్పష్టంగా వినిపించింది.

పది గంటలైంది. అప్పుడు మురళి అన్నాడు. "హేమా, పోనీ నేనే నాకించేస్తా. ఉంగరమూ పాయసమూ ఈడికి ఇచ్చెయ్యి. మంత్రం ఆడ నుంచి చెప్పినా ఈడకి వినిపిస్తాది."

"తండ్రయినా తప్పు లేదులే" అంది అత్తయ్య, మెత్తగా.

నేను గిన్నెను గుండెకు హత్తుకున్నాను. ఏడు నెలలు. నిద్రలేని ఏడు నెలలు, ప్రతి తుమ్ముకూ లేచి కూర్చున్న ఏడు నెలలు. తలుపు అవతల పాప కూనిరాగం తీస్తోంది. పట్టు లంగా అంచు ఒకటి సందులోంచి ఇటు వస్తోంది, పోతోంది. "ఇవ్వను" అన్నాను. ఏడవకూడదనుకుంటూనే ఏడ్చాను.

శాస్త్రిగారికి జాలేసింది. "అమ్మా, అంతగా బాధపడాల్సింది లేదు. దీనికి పరిహారం ఉంది. తప్పయిందని దణ్ణం పెట్టుకొని, ఒక కొబ్బరికాయ కొట్టి, జరుపుకోవచ్చు. దోషం లేదు."

అత్తయ్య వెంటనే దిగివచ్చింది. "అయ్యవారే చెప్తా ఉంటే ఇంకేముంది? కాయ నేను కొడతా. జరపమ్మా, టైమైపోతాంది."

ఇక్కడే కథ ముగిసి ఉండాలి. నా స్థానంలో బుద్ధున్న ఏ మనిషి ఉన్నా ముగించేది. నేనేం చేశానో చూడండి.

"పరిహారం చేస్తే పాపకు ఏమీ కాదని నూటికి నూరు శాతం చెప్పగలరా?" అని అడిగాను.

శాస్త్రిగారు ఆలోచించారు. "నలభై ఏళ్ళుగా ఈ పని చేస్తా ఉండానమ్మా. శాతం ఎవ్వరూ అడగలే."

"తొంభై తొమ్మిదైనా?"

"హేమా, జరపవే" అంది అత్తయ్య.

"జరపను."

"చెప్పింది నేనే గదా, నేనే జరపమంటా ఉండా."

"మీరు ముందు చెప్పిందే బలంగా ఉంది అత్తయ్యా."

అత్తయ్య నన్ను కొత్త మనిషిని చూసినట్టు చూసింది. నలభై ఏళ్ళుగా ఆ ఇంట్లో ఆచారాల విషయంలో ఆమెను మించినవాళ్ళు లేరు. ఆ రోజు, ఎండలో, ఒక ప్లాస్టిక్ పైపు ముందు, ఆమె పదవి పోయింది. "నాకంటే ముదిరిపోయినావే" అంది. మెచ్చుకుందో తిట్టిందో ఆమెకే తెలియాలి.

పదీ పదిహేనుకి తలుపుకు రెండు వైపులా పీటలు పడ్డాయి. అటు పై మెట్టు మీద మురళి, ఒళ్ళో పాప. ఇటు నేల మీద నేను, చెంప ఇనప తలుపుకు ఆనించి. చెంప కాలుతోంది. సందులోంచి పాప నాకు విడతలుగా కనిపించింది. ఒకసారి కన్ను, ఒకసారి బుగ్గ, ఒకసారి దిష్టిచుక్క. శాస్త్రిగారు పైపు పక్కన నిలబడి రెండు వైపులకూ సమానంగా వినిపించేలా మంత్రం చెప్పారు.

ఉంగరం పాయసంలో ముంచి చేయి సందులో పెట్టాను. గాజులు అడ్డం వచ్చాయి. తీసేసి మళ్ళీ పెట్టాను.

"ఇంకొంచెం కుడికి" అన్నాడు మురళి.

"మీ కుడా, నా కుడా?"

"నీ కుడి. ఆ, అది నా మోకాలు."

మళ్ళీ ముంచాను.

"పైకి. ఇంకా పైకి. అది చెవి హేమా."

"పాప చెవా?"

"నాది అయితే చెప్తానా?"

మెట్ల మీద చుట్టాలు ఆపుకోలేక నవ్వుతున్నారు. ఎవరో "ఎడం, ఎడం" అని లారీ రివర్సు చేయిస్తున్నట్టు చెప్తున్నారు. అత్తయ్య గోడ గడియారం లేని లోటు తీరుస్తూ ప్రతి నిమిషమూ పైకి చదువుతోంది. "పదీ ఇరవై మూడు. పదీ ఇరవై నాలుగు."

అప్పుడు నా వేలికి చల్లగా, తడిగా, మెత్తగా ఏదో తగిలింది. ఉంగరం ఆగింది. తరవాత రెండు చిన్న చేతులు వచ్చి నా మణికట్టును పట్టుకున్నాయి, చిగుళ్ళు నా వేలి మీద బిగుసుకున్నాయి. పాప నాకుతోంది. ఉంగరాన్నీ, వేలినీ, గోరునీ, దేన్నీ వదలకుండా. చేయి వెనక్కి తీస్తే కెవ్వుమంది. ఇంకా కావాలట. నేను మళ్ళీ ముంచి పెట్టాను, మళ్ళీ కెవ్వుమంది. చెంప కాలుతోందన్న సంగతే మరిచిపోయాను. అటువైపు నుంచి చుట్టాలు అక్షతలు విసిరారు. తలుపుకు తగిలి అన్నీ అటే రాలాయి. నాలుగైదు గింజలు మాత్రం దారి తెలుసుకుని సందులోంచి వచ్చి నా ఒళ్ళో పడ్డాయి. నా బిడ్డ మొదటి రుచి నా చేత్తోనే చూసింది. ఇంకేం కావాలి.

కావాల్సింది ఇంకొకటి ఉంది. కిందికి దిగడం.

ఆ సంతోషంలో ముంచడం, నాకించడం, ఏడవడం, కళ్ళు తుడుచుకోవడం అన్నీ అయ్యేసరికి ఎంతసేపైందో చూసుకోలేదు. "కార్యం అయిపోయింది కదా శాస్త్రిగారూ, ఉద్వాసన చెప్పేయండి. జరిపేస్తాను" అన్నాను.

శాస్త్రిగారు ఫోను తీసి చూసుకుని, అత్తయ్యకు చూపించారు. అత్తయ్య నిట్టూర్చి పీట మీద చతికిలపడింది.

"పదీ ముప్పై రెండు" అంది. "రాహుకాలం వచ్చేసె."

"అయితే?"

"రాహుకాలంలో ఉద్వాసన చెప్పరమ్మా" అన్నారు శాస్త్రిగారు. "పన్నెండుకు చెప్తా."

"పరిహారం?" అని గొణిగాను.

"నువ్వే గదా శాతాలు అడిగినావు" అంది అత్తయ్య.

గంటన్నర. కింద విందు మొదలైంది. చుట్టాలు మా పందిరి నీడ కోసం వచ్చి, మా హాల్లో ఒకరి మోకాలి మీద ఒకరు ఆకులు వేసుకుని తిన్నారు. పందిరి కింద మేం ముగ్గురమే విశాలంగా కూర్చున్నాం. నీడ చాలా బాగుంది, ఆ విషయం ఎవరూ ఒప్పుకోరు కాబట్టి నేనే చెప్తున్నాను. మామయ్య మాకు సందులోంచి వడ్డన చేశారు. సాంబారు గ్లాసులో వచ్చింది. ఆకు చుట్ట చుట్టుకుని వచ్చింది. వడ నొప్పి తెలియకుండా వచ్చింది. అప్పడం అడ్డంగా పట్టలేదు, మామయ్య దాన్ని నిలువుగా తిప్పి, ఒక్క పలుకు కూడా రాలకుండా లోపలికి పంపి, "ఇట్ట కొలవాల" అని ఒక్క మాట అని వెళ్ళిపోయారు. పాపను మురళి గంటకు మూడుసార్లు తెచ్చి సందులో నిలబెట్టాడు. జైల్లో ములాఖత్ అంటే ఏమిటో ఆ రోజు నాకు తెలిసింది. పక్క మిద్దె మీది నుంచి సెల్వి అక్క వడియాలు తిరగేస్తూ, "నాది బాగా ఎండినాయి హేమా" అని ఓదార్చింది.

సరిగ్గా పన్నెండుకు శాస్త్రిగారు ఉద్వాసన చెప్పారు. నేను వంగి బకెట్టు చెవి పట్టి లాగాను. అది కిర్రుమని పక్కకు జరిగింది. మామయ్య చెప్పిన రెండు నిమిషాలు కూడా పట్టలేదు.

ఇంతటితో అయిపోయిందనుకుంటున్నారా? నేనూ అనుకున్నాను. పందిరి విప్పేటప్పుడు శాస్త్రిగారు బయల్దేరబోతూ, "రాటను చెత్తలో వెయ్యకూడదమ్మా. పారే నీళ్ళలో కలపాల, లేదా చెట్టు మొదట్లో పాతాల" అన్నారు. చెట్టు మొదట్లో పాతితే ప్లాస్టిక్ మొలవదు. సముద్రంలో వేద్దామంది అత్తయ్య. సముద్రంలో తాబేళ్ళు ఉంటాయి, తాబేళ్ళకు పిల్లలు ఉంటాయి, పైపు ఆ పిల్లల గొంతుకు అడ్డం పడితే? నేను ఒప్పుకోలేదు. అందువల్ల ఏడడుగుల పైపు ఇసుక బకెట్టుతో సహా ఇప్పుడు మా హాల్లో, టీవీ పక్కన మూల నిలబడి ఉంది. శుక్రవారం శుక్రవారం అత్తయ్య దానికి కుంకుమ పెడుతుంది. మీటరు చూడటానికి వచ్చినతను మొన్న చెప్పులు వదిలి దానికి దణ్ణం పెట్టుకుని వెళ్ళాడు. పాప ఈ మధ్య దాన్ని పట్టుకునే లేచి నిలబడటం నేర్చుకుంటోంది. పడుతుందేమోనని నాకు భయమే, కానీ ఇంట్లో అంతకంటే గట్టిగా నిలబడ్డ వస్తువు ఇంకొకటి లేదు.

కాబట్టి, చెన్నపట్నానికి ఉత్తర దిగ్భాగాన, పెరంబూరులో, రెండో అంతస్తు హాల్లో, గణితంలో ఎమ్మెస్సీ చదివిన హేమ అనే నేను, భర్తా అత్తమామల సమేతంగా చేస్తున్న సంకల్పం ఏమనగా: ఇకమీదట పందిరి గాని, పాక గాని, గొడుగు కర్ర గాని స్వయంగా కట్టను. సాయంత్రపు నీడను పొద్దుటికి లెక్క కట్టను. తలుపును బార్లా తెరిచి చూడనిదే దాని ముందు చెంబు కూడా పెట్టను. పురోహితులను శాతాలు అడగను. ఈ ప్రమాణం పైపును ముట్టుకుని చేశాను. ముట్టుకున్నాను గాని, కదపలేదు.